పురి విడిన చర్మం

నా కాలి పుండు మానకపోయేదానికి కారణం నా వయసని హోసూరు డాక్టరు చెప్పినాడు. కారణం వయసు కాదు. నేను ఏం తింటా ఉండానో ఆయన ఒక్కసారి కూడా అడగలేదు. అడిగి ఉంటే చలికాలమంతా నేను కాలు ఈడ్చుకుంటా తిరిగేవాణ్ణి కాదు. మోకాలి కింద తీసేయాల్సి వస్తుందేమో అనే మాట మా ఇంట్లోకి వచ్చేదే కాదు.

ముందే చెప్పేస్తా ఉండాను. ఎందుకంటే, కత ఎత్తుకుంటే నేను నాలుగూళ్ళు తిరిగి గానీ ఇల్లు చేరనని మా ఇంటామె నాగమ్మ అంటుంది. ఇప్పుడు కాలు మానింది, నడస్తా ఉండాను. కోపం మాత్రం మానలేదు. రాస్తే అది కొంచెం చల్లారుతుందని ఒక ఆశ. ఇంకెవరి ఇంట్లోనైనా పుండు పడిన మనిషి ఉంటే వాళ్ళకు పనికొస్తుందని ఇంకో ఆశ.

కార్తీకం

మాది కెలమంగలం. పట్టుగూళ్ళు ఉడకేసి దారం తీసే పని మా నాయనది, తరవాత నాది. బడిలో అయిదో క్లాసు వరకే. మిగిలిన చదువంతా అంగట్లో పొట్లాలు కట్టిన కాగితాలే. శనగలు తిని పొట్లం పారేసేవాళ్ళు ఉంటారు, నేను పొట్లం విప్పి చదివి, తరవాత శనగలు తినేవాణ్ణి. పని మానేసి చాన్నాళ్ళయింది. పాత రాట్నం ఇనప చట్రం ఒకటి వసారాలో పడి ఉండేది. దాన్ని ఒంటిచేత్తో పక్కకు జరపబోతే జారి ముంగాలి మీద పడింది. అరచెయ్యంత పొడుగున చర్మం చీలింది.

మా కూతురు భాగ్య హోసూరు ఫ్యాక్టరీలో పని చేస్తుంది. పొద్దున బస్సుకు పోయి, మధ్యాన్నం ఆడ క్యాంటీనులో తిని, సాయంత్రం వస్తుంది. ఆ రోజు లీవు పెట్టి నన్ను హోసూరులో ఒక ప్రైవేటు ఆస్పత్రికి తీసుకుపోయింది. కుట్లు వేస్తా ఉంటే నేను దారం వైపే చూస్తా ఉండాను.

"ఏం దారమమ్మా ఇది?" అని నర్సును అడిగినాను.

"సిల్కు తాతా."

"అనుకున్నాను. జిగురు తీసేసి, పురి ఎక్కించిన దారం."

"మీకెట్ల తెలుసు?"

"నా బతుకంతా దాంట్లోనే పోయింది కదమ్మా."

"అట్లయితే కదలకండి తాతా. మీ దారమే మీకు కుడతా ఉండాము."

అందరూ నవ్వినారు. నేనూ నవ్వినాను. ఆ ఆస్పత్రిలో నేను నవ్వింది అదొక్కసారే.

ఈ దారం సంగతి కొంచెం చెప్పాలి, తరవాత అవసరమవుతుంది. పట్టుపురుగు నోట్లోంచి వచ్చేది ఒక పోగు కాదు, రెండు సన్న పోగులు. వాటిని జిగురు అంటించి ఉంచుతుంది. గూడును వేన్నీళ్ళలో ఉడకేస్తే ఆ జిగురు మెత్తబడి పోగు ఊడి వస్తుంది. ఒక గూటి పోగు దేనికీ చాలదు. కొన్ని గూళ్ళ పోగులు కలిపి తీసి, పురి ఎక్కించాలి. పురి ఉంటేనే అది బరువు మోస్తుంది. పురి లేకపోతే అది దారం కాదు, ముసలామె జడ.

డాక్టరు నెత్తురు పరీక్ష చీటీ చూసి, "సుగర్ అంచులో ఉంది, తీపి తగ్గించుకో అప్పా" అన్నాడు. ఆయన చెప్పింది ఆ ఒక్క మాటే. కానీ అది మా ఇంటికి చేరేటప్పటికి చట్టమైపోయింది.

ఇంట్లో అప్పటికే ఇంకో చట్టం ఉంది. పుండు పడితే మా వైపు నంజు ముట్టకూడదు. నంజు అంటే పుండును చీము పట్టించే తిండి. చింతపండు నంజు. నిమ్మకాయ, టమాటా, మజ్జిగ, ఏ పులుపైనా నంజే. వంకాయ, గుమ్మడికాయ నంజు. ఆకుకూర నంజు. గుడ్డు, చేప, మాంసం చెప్పే పనే లేదు. ఉర్లగడ్డ, అంటే ఆలుగడ్డ, నంజు కాదు గానీ వాయువు. ఇంక మిగిలింది పండు. దానికి సుగరు అడ్డమొచ్చింది.

"మరి నేనేం తినాలే?" అన్నాను నాగమ్మతో.

"నెయ్యన్నం లేదా? పాలు లేవా? పెసరపప్పు కట్టులో మిరియాలు వేసిస్తాను. మీ అమ్మ నాకు నేర్పిన పథ్యం ఇది, నేను కనిపెట్టింది కాదు."

అది నిజమే. నాకు పద్నాలుగేండ్లప్పుడు మల్బరీ కొమ్మలు కోస్తా ఎడమ చేతి మీద కొడవలి వేసుకున్నాను. మా అమ్మ ఇదే పథ్యం పెట్టింది. పుండు మానింది. మానినాక, పథ్యం వల్లే మానిందని ఊరంతా అనుకున్నారు. పడుచు ఒళ్ళు కాబట్టి, రెండు వారాల పథ్యమే కాబట్టి, పథ్యం ఉన్నా మానిందని ఎవరికి తోస్తుంది?

ధనుర్మాసం

కుట్లు విప్పినారు. రెండు రోజులకు పుండు మళ్ళీ నోరు తెరిచింది. మళ్ళీ కుట్టినారు. ఈ తడవ కుట్లు విప్పకముందే, దారం పట్టుకున్న చోటల్లా చర్మం చిన్న చిన్నగా చిరిగింది.

నేను డాక్టరుకు చెప్పినాను. "సార్, దారం తెగలేదు. దారం పట్టుకున్న చర్మం చిరిగింది. చీర కుట్టు దగ్గర చినిగితే మేము దారాన్ని తిట్టము. బట్టలో నేత చెడింది అంటాము."

ఆయన నవ్వినాడు. మంచి నవ్వే, దాంట్లో ఎగతాళి లేదు. "బట్ట పాతదైంది కదా అప్పా. వయసు" అన్నాడు.

తరవాతి మనిషిని పిలిచేసినారు. నేను లేచి బయటికి వచ్చేసినాను.

ఆ ఆస్పత్రి వరండాలో నేను కూర్చున్నంత సేపు మా ఇంటి వసారాలో కూడా ఎప్పుడూ కూర్చోలేదు. గోడకు ఒక టీవీ, దాంట్లో సద్దు రాదు. పేరు పిలిచే అమ్మాయి గాజు వెనక ఉంటుంది, నోరు కదులుతుంది, మాట వినపడదు. అందరం ఆ నోటివైపే చూస్తా ఉంటాము. ఎవరి పేరైనా పిలిచినట్టు అనిపిస్తే ముగ్గురు లేస్తారు. లోపలికి పోతే డాక్టరు ముందు నిలబడేది ఒక బీడీ కాల్చినంత సేపు. ఆ కాసేపట్లో ఆయన కాలు చూస్తాడు, చీటీ చూస్తాడు. నా మొహం చూసినట్టు నాకు గుర్తు లేదు.

ఒకనాడు కట్టు కట్టే ఆయన పుండు మీద తెల్లగా, అప్పడంలాగా ఉండే పల్చని రేకు ఒకటి పెట్టినాడు.

"ఇదేందప్పా?" అన్నాను.

"కొల్లాజెన్ షీటు. చర్మంలో ఉండే ప్రొటీనే. దీని ఆసరాతో కొత్త చర్మం పట్టుకుంటుంది."

నాగమ్మ ముందుకు వంగింది. "ఎవరి చర్మంలోది?"

"ఇది చేపది అమ్మా. పశువులది కూడా వస్తుంది."

"చేపా! చేప నంజు కాదా?"

ఆయన కత్తెర పక్కన పెట్టి, నిదానంగా చెప్పినాడు. "తినేదానికి నంజు అమ్మా. అంటించేదానికి కాదు. మీరు తినబెట్టడం లేదు కదా?"

"చుక్క పులుసు కూడా పెట్టడం లేదు."

"మంచిది. అట్లనే చూసుకోండి."

ఈ మాటలు మీరు గుర్తు పెట్టుకోండి. ఆస్పత్రి లోపల, మందుల వాసనల మధ్య, నా పథ్యం సంగతి బయటికి వచ్చింది. ఒకాయన విన్నాడు. విని మెచ్చుకున్నాడు.

ఆ రేకు రెండు తడవలు పెట్టినారు. రెండు తడవలూ కరిగి నీళ్ళలాగా కారిపోయింది.

మాఘం

పండ్లు తోముకుంటే నెత్తురు వచ్చేది. బ్రష్షు గట్టిదేమో అనుకున్నాను. వేలితో తోమినా వచ్చింది. చిగుళ్ళు ఉబ్బి నేరేడు పండు రంగుకు తిరిగినాయి. తొడల మీద, పిక్కల మీద, ఎవరూ కొట్టకుండానే కమిలిన మచ్చలు. పిక్కల మీది వెంట్రుకలు సుడి తిరిగి చర్మంలోకే చుట్టుకున్నాయి. మంచం మీదనుంచి లేస్తే ఒళ్ళంతా ఎవరో పిండి ఆరేసినట్టు ఉండేది.

ఒక పొద్దున స్నానం చేస్తా ఎడమ చెయ్యి చూసుకున్నాను. నా పద్నాలుగో ఏటి కొడవలి మచ్చ. అన్నేండ్లు తెల్లగా, చల్లగా, ఉందనే మరిచిపోయేటట్టు ఉండిన మచ్చ, ఎర్రబడి, ఒక కొసన విచ్చుకుని ఉంది. లోపల పచ్చి కండ.

దానికి నేను నిజంగా భయపడినాను. కాలి పుండుకు కాదు. కాలి మీద ఇనుము పడింది, అర్థముంది. చేతి మీద ఏం పడింది? మా అమ్మ కట్టు కట్టిన గాయం, ఆమె పోయి ఎన్నేండ్లయింది, ఇప్పుడెందుకు తెరుచుకోవాలి? ఒళ్ళు తన లెక్కలన్నీ వెనక్కి తిప్పుకుంటా ఉందనిపించింది.

డాక్టరుకు చెయ్యి చూపించినాను. గోకినావేమో అన్నాడు. చిగుళ్ళ సంగతి చెప్తే పండ్ల డాక్టరు దగ్గరికి పొమ్మన్నాడు. కాలి సంగతికి మాత్రం మొహం బిగించుకున్నాడు. "ఇట్లనే లోపలికి పోయి ఎముకకు పట్టితే మోకాలి కింద తీయాల్సి రావచ్చు. ఈ వయసులో పుండు మానేది కష్టమప్పా. ఇంట్లో మాట్లాడుకోండి."

ఇంట్లో మాట్లాడుకోలేదు, కొట్లాడుకున్నాము. భాగ్య ఒక డబ్బా తెచ్చింది, కొల్లాజెన్ పొడి, పాలలో కలుపుకు తాగేది. డబ్బా మీద ఒక అమ్మాయి బుగ్గ తాకి చూసుకుంటా ఉంది.

"ఈ పాపకు పుండు యాడ పడిందంట?" అన్నాను.

"అప్పా, తాగు. చర్మానికి మంచిదంట."

"దేంతో చేసినారు దీన్ని?" అని నాగమ్మ అడిగింది. భాగ్య చదివి చెప్పింది. "అదీ చేపేనా! ఇంట్లోకి తేవద్దు."

"నువ్వు పెట్టే ఉప్పు కట్టు తిని ఆయన ఎట్ల లేస్తాడమ్మా? మొహం చూడు, సున్నం కొట్టినట్టు ఉండాడు."

"నువ్వు క్యాంటీనులో పులిహోర తినొచ్చి నాకు వంట నేర్పతావా? కాలు పోతే నువ్వు ఎత్తుకు తిరగతావా?"

భాగ్య ఏడ్చుకుంటా బస్సుకు పోయింది. నాగమ్మ పొయ్యి ముందు కూర్చుని, ఆ రోజు ఏమీ తినలేదు. నేను మంచం మీద పడుకుని వసారా వైపు చూస్తా ఉన్నాను. కాలు పోతే ఆ మూడు మెట్లు నేను ఎట్ల దిగాలా అని. కెలమంగలం సంతకు నడిచి పోయి నలుగురితో వాదించి రాని నేను, నేనేనా అని.

శివరాత్రి దాటినాక

భాగ్యే పట్టుబట్టింది. కాలు తీసేసే ముందు కృష్ణగిరిలో గవర్నమెంటు ఆస్పత్రిలో ఒకసారి చూపిద్దామని. ఆ రోజు ఆమెకు లీవు దొరకలేదు. నేను, నాగమ్మ బస్సెక్కినాము.

ఆడ వరస తలుపు దాటి మెట్ల వరకు ఉంది. నిలబడలేని వాళ్ళు చెప్పులు వరసలో విడిచి నీడకు పోయి కూర్చుంటారు. మనుషులకు బదులు చెప్పులు నిలబడతాయి. నా ముందర మత్తూరు నుంచి వచ్చిన ఒక రైతు ఉండినాడు, వాళ్ళన్న లోపల వార్డులో ఉండాడంట. నా కాలు చూసి, "నువ్వు కూర్చో పో అన్నా" అన్నాడు. వరస కదిలినప్పుడల్లా తన కాలితో నా చెప్పుల్ని కూడా ముందుకు తోస్తా పోయినాడు. మధ్యలో ఎవరో గదమాయిస్తే, "ఈ చెప్పులకు ఒంట్లో బాగలేదు, తొయ్యొద్దు" అన్నాడు. పేరు కూడా అడగలేదు నేను.

లోపల ఒక చిన్న వయసు డాక్టరమ్మ. కట్టు విప్పి చూసింది. తరవాత ఎవరూ చేయని పని చేసింది. నా మొహం చూసింది.

"నోరు తెరవండి తాతా."

తెరిచినాను.

"చొక్కా చేతులు పైకి మడవండి." చేతి మచ్చ చూసి, "ఇది ఎప్పటిది?"

"నాకు పద్నాలుగేండ్లప్పటిది అమ్మా. ఈ మాఘంలో మళ్ళీ తెరుచుకుంది."

ఆమె కలం పక్కన పెట్టింది. "తాతా, మీరు ఏం తింటారు?"

నాకు నిజంగా ఆ ప్రశ్న అర్థం కాలేదు. నాగమ్మ వైపు చూసినాను. నాగమ్మకు మాత్రం మొహం విప్పారింది. ఇన్నాళ్ళకు తన కష్టం అడిగే మనిషి దొరికింది. నంజు ఒక్కొక్కటి పేరు పెట్టి చెప్పింది. అవేవీ పెట్టలేదని చెప్పింది.

"పులుపు అసలు లేదా?"

"చుక్క లేదమ్మా. మా అమ్మతోడు."

"పండు?"

"సుగరు కదా."

"ఆకుకూర?"

"నంజు కదమ్మా." డాక్టరమ్మకు తెలియదేమో అని జాలిగా చెప్పింది.

"ఎప్పట్నించి?"

"కార్తీకం నుంచి."

డాక్టరమ్మ తల పట్టుకోలేదు, అరవలేదు. కుర్చీ దగ్గరికి జరుపుకుని, నాగమ్మకే చెప్పింది, నాకు కాదు. "అమ్మా, ఇది స్కర్వీ అనే జబ్బులాగా ఉంది. పులుపులో, పండులో, ఆకులో సి విటమిన్ అని ఒకటి ఉంటుంది. అది లేకపోతే కొత్త చర్మం అల్లుకోదు, పాతది కూడా విడిపోతుంది. పూర్వం నెలల తరబడి ఓడల్లో పోయేవాళ్ళకు వచ్చేది."

"నేను ఓడ యాడ ఎక్కినానమ్మా?" అన్నాను. "కెలమంగలంలో మంచం దిగలేదు."

"మంచమే ఓడ అయింది తాతా" అని నవ్వింది. "రక్తం పరీక్ష చేద్దాం, మాత్రలు ఈ రోజే మొదలుపెడదాం. జామకాయ, ఉసిరికాయ, నిమ్మకాయ తినండి. కాలు తీసే మాట ఇప్పుడు ఎవరూ ఎత్తొద్దు."

బయటికి వచ్చి మెట్ల మీద కూర్చున్నాము. మత్తూరాయన వాళ్ళన్నకు తెచ్చిన సంచిలోంచి రెండు జామకాయలు తీసి మాకు ఇచ్చినాడు. "మా తోటవి. డాక్టరమ్మ చెప్పింది విన్నాను, గోడకు చెవులుండాయి ఈడ" అని పోయినాడు.

నేను కాయను చేతిలో తిప్పుతా ఉండాను. ఇన్ని నెలల భయం ఒక్క మాటకు పోదు. నాగమ్మ నా చేతిలోంచి లాక్కుంది. "చీము పట్టేదయితే ముందు నాకు పట్టనీ" అని కసక్కున కొరికింది.

కొరికిన చోట తెల్లని జామకాయ మీద ఎర్రగా నెత్తురు అంటింది.

"ఏమిటే అది?"

ఆమె కొంగుతో నోరు తుడుచుకుంది. "నాకూ వస్తా ఉంది, సంక్రాంతి అప్పటినుంచి. వయసేమో అనుకున్నాను."

"నీకేం పథ్యం? నీకు పుండు లేదే!"

"నువ్వు ఉప్పు కట్టు తింటా ఉంటే నీ ఎదురుగా పులుసు కలుపుకునేదానికి నాకు మనసు వస్తుందా ఏమయ్యా? ఇద్దరికీ ఒక కుండే వండినాను."

ఇన్ని నెలలు ఆమె పక్కనే కూర్చుని తిన్నాను. చూడలేదు. ఇద్దరం లేచి మళ్ళీ లోపలికి పోయినాము. డాక్టరమ్మ ఈ తడవ నాగమ్మ నోరు చూసి, ఆమెకూ మాత్రలు రాసిచ్చింది.

ఉగాది

చిగుళ్ళ నెత్తురు వారం తిరక్కుండానే నిలిచింది. చేతి మచ్చ మూసుకుంది. కాలి పుండు అంచులు తెల్లబడి, దగ్గరికి వచ్చి, పొడి కట్టినాయి. ఉగాది పచ్చడిలో చింతపండు, మామిడికాయ చూసి నాగమ్మ ఇంకా గిన్నెను నాకు దూరంగా జరిపింది. భాగ్య గిన్నె లాక్కుని నాకు రెండు గరిటెలు పోసింది.

ఈ లోపల నేను ఊరుకోలేదు. భాగ్య ఫోనులో తెలుగులో దొరికింది దొరికినట్టు చదివినాను. కొల్లాజెన్ అంటే మూడు పోగులు ఒకదానితో ఒకటి పురి వేసుకున్న దారం. నా బతుకంతా వేన్నీళ్ళ తొట్టి ముందు కూర్చుని నేను చేసిన పని, నా ఒళ్ళు లోపల సుమ్మనే, ఊరికూరికే, చేసుకుంటా ఉంది. చర్మం అదే. పంటి చిగురు అదే. ఎముక లోపలి నేత, కండను ఎముకకు కట్టే నరం, నెత్తురు పారే గొట్టాల గోడ, అన్నీ ఆ పురి దారమే. పట్టు వేరు, వెంట్రుక వేరు, ఇది వేరు, కానీ మూడూ పోగుల కులమే. మేకకాళ్ళ పులుసు చల్లారితే బంకలాగా గడ్డకట్టేది కూడా ఇదే, వేడికి పురి విడిపోయి.

ఆ మూడు పోగులు విడిపోకుండా బిగించేదానికి సి విటమిన్ కావాలి. అది లేకపోతే ఒళ్ళు పోగులు తీస్తుంది గానీ, పురి నిలవదు. పైనుంచి చేప కొల్లాజెన్ అంటించినా, పాలలో పొడి కలిపి తాగినా, లోపల దారం తీసే చోట పని నిలిచిపోతే ఏం లాభం? ఇంకో మాట తెలిసింది. మచ్చ అంటే ఒకసారి కుట్టి మరిచిపోయేది కాదంట. ఒళ్ళు దాన్ని ఎప్పటికప్పుడు పాత దారం తీసి కొత్త దారం వేసి నిలబెడతా ఉంటుందంట. మా అమ్మ కట్టిన గాయాన్ని నా ఒళ్ళు ఇన్నేండ్లు రోజూ మళ్ళీ కడతా ఉండింది. నేను ముడిసరుకు ఆపినాను, అది చేతులెత్తేసింది.

వయసు అంట! మా నాయన నాకంటే పెద్ద వయసులో ఎద్దు పొడిచి తొడ చీల్చుకున్నాడు. పథ్యానికి లొంగే మనిషి కాదు. మా అమ్మ కన్ను కప్పి చింతకాయలు, ఉసిరికాయలు మొల్లో పెట్టుకుని తినేవాడు. మా అమ్మ పట్టుకుని తిట్టేది. ఆయన పుండు మానింది. పథ్యం తప్పినా మానింది, దేవుడి దయ అన్నారు.

ఒక సాయంత్రం నాగమ్మ అడగనే అడిగింది. "ఏమయ్యా, ఇన్నాళ్ళు నిన్ను నేనే చంపతా ఉండినానా?"

"నువ్వు చంపితే నువ్వు కూడా ఎందుకు చస్తావే?" అన్నాను. "నీకు మా అమ్మ చెప్పింది, నువ్వు చేసినావు. చదువుకున్నోడు అడగాల. ఆయనది తప్పు."

"ఆయన్ని అడుగు పో మరి. నా మీద అరవొద్దు."

మామిడి కాలం

పోయినాను. హోసూరు దారంతా కృష్ణగిరి మామిడికాయల లారీలు. నా చేతి సంచిలో కూడా ఒక మామిడిపండు, సుగరు అంచుకు తగినంతే తింటా ఉండాను లెండి.

మొదటి తడవ పోతే డాక్టరు ఊళ్ళో లేడు. రెండో తడవ గాజు వెనక అమ్మాయి, "ఏం తొందర తాతా?" అంది, ఒంట్లో ఏం బాధ అని. "తొందర ఏమీ లేదు, ఒక మాట అడగాల" అన్నాను. మాటకు టోకెను ఇవ్వరంట, జబ్బుకే ఇస్తారంట. "కోపం జబ్బు" అన్నాను. ఆ పిల్ల నవ్వి టోకెను ఇచ్చింది. లోపల డాక్టరు కాలు చూసి, "భేష్, మానిపోయిందే! మరి ఇంకేమప్పా?" అన్నాడు. స్కర్వీ సంగతి చెప్పబోతే ఫోను వచ్చింది. లేచి పోయినాడు.

మూడో తడవ సాయంత్రం, ఆస్పత్రి ఖాళీ అయ్యేవరకు కూర్చున్నాను. ఆయనే బయటికి వచ్చి నన్ను చూసి, వచ్చి పక్క కుర్చీలో కూర్చున్నాడు. అలిసిపోయి ఉండాడు. ఆ వరండా కుర్చీలో ఆయన కూర్చోవడం అదే మొదలేమో, కాళ్ళు ఎట్ల పెట్టుకోవాలో తెలియనట్టు కూర్చున్నాడు.

అంతా చెప్పినాను. నంజు, నెయ్యన్నం, చేతి మచ్చ, జామకాయ మీద నెత్తురు. అడ్డం రాకుండా విన్నాడు. చివరికి అడిగినాను. "సార్, మీది తెలుగిల్లే. మా వైపు మనిషే. కాలు చూసినారు, నెత్తురు చూసినారు, ఎముక ఫోటో చూసినారు. నేనేం తింటా ఉండానో ఒక్కసారి అడిగేదానికి మీకు ఎందుకు తోచలేదు?"

ఆయన చెప్పినాడు:

"నేను కాలేజీలో ఉండేటప్పుడు నాకు కడుపు ఆపరేషన్ అయింది అప్పా. మా అమ్మ నెల పైన నాకు పులుపు ముట్టనీలేదు. నేనూ తినలేదు. అప్పటికే డాక్టరు చదువు సగం అయిపోయి ఉండింది. అది అడగాల్సిన మాట అని నాకు ఎప్పుడూ తోచలేదు."